సైన్యం నుండి తిరిగివచ్చే బిడ్డకు పని ఎక్కడ?

సైన్యంలో ఉన్న బిడ్డల కోసం ఆదివారపు ఆరాధనలో ప్రార్థించడం నేలకొండపల్లి నుండి భద్రాచలం అడవి అంచు వరకు మన సంఘాలకు అలవాటే. సరిహద్దులో కాపాడమని, సెలవుకు క్షేమంగా ఇంటికి చేర్చమని ప్రభువును అడుగుతాం. సెలవుకు కాక పూర్తిగా తిరిగివచ్చేస్తే వాళ్ళ బ్రతుకు ఎలా అన్నది మాత్రం మన ప్రార్థన మనవుల్లో అంతగా వినబడదు.

కేంద్ర ప్రభుత్వం 2022 జూన్ 14న అగ్నిపథ్ పథకాన్ని ప్రకటించింది. మూడు రోజులకే సికింద్రాబాద్ రైల్వే స్టేషన్‌లో ఆందోళన చెలరేగింది. కాల్పుల్లో వరంగల్ ప్రాంతపు యువకుడొకడు చనిపోయాడు. రైళ్లకు నిప్పుపెట్టడాన్ని మేము సమర్థించం. కాని నాలుగేళ్ల తరువాత మా గతి ఏమిటని ఆ కుర్రవాళ్ళు అడిగిన ప్రశ్న న్యాయమైనది. 2022 చివరలో, 2023 మొదట్లో శిక్షణకు వెళ్ళిన తొలి దళాలకు 2026 చివరి నుండి గడువు ముగుస్తుంది. పథకం ప్రకటించినప్పటి లెక్క ప్రకారం నూటికి 25 మందికి మించి సైన్యంలో కొనసాగరు. మిగిలినవారికి సుమారు 11.71 లక్షల రూపాయల సేవానిధి ముడుతుంది. పింఛను లేదు, గ్రాట్యుటీ లేదు, మాజీ సైనికుడన్న హోదా కూడా లేదు.

అన్నిటికంటే ఆ హోదా లేకపోవడమే పెద్ద దెబ్బ. మాజీ సైనికులకు కేంద్ర ప్రభుత్వ గ్రూప్-సి ఉద్యోగాల్లో 10 శాతం, గ్రూప్-డిలో 20 శాతం కేటాయింపు ఉంది. అగ్నివీరులకు ఆ దారి మూసి, కేంద్ర సాయుధ పోలీసు బలగాల్లో, అస్సాం రైఫిల్స్‌లో మొదట 10 శాతం కోటా ప్రకటించారు, వయస్సులో సడలింపు ఇచ్చారు. మంచిదే. అయితే కోటా ఉంటే పోటీపడవచ్చు, అంతే. ఉద్యోగం చేతికి వచ్చినట్టు కాదు.

ఇంతకంటే గట్టి మాట మన చట్టంలోనే ఉంది. ఉద్యోగం చేసుకుంటూ టెరిటోరియల్ ఆర్మీలో చేరినవాణ్ణి సేవకు పిలిస్తే, అది ముగిశాక అతన్ని ఏ నష్టమూ లేకుండా తిరిగి పనిలో పెట్టుకోవడం యజమాని విధి అని 1948 నాటి టెరిటోరియల్ ఆర్మీ చట్టం చెబుతోంది. కాదంటే ఫిర్యాదు చేయవచ్చు, ఆరు నెలల జీతం వరకు పరిహారం ఇప్పించవచ్చు. అమెరికాలో 1994 నాటి చట్టం సాధారణంగా ఐదేళ్ల వరకు సైనిక సేవకు వెళ్ళినవారి ఉద్యోగాన్ని కాపాడుతుంది. అయితే పదిహేడున్నర ఏళ్ళకే చేరగల అగ్నివీరుడికి వదిలివెళ్ళిన ఉద్యోగమంటూ ఉండదు. తిరిగి ఇమ్మని ఎవరిని అడుగుతాడు?

ద్వితీయోపదేశకాండము 20వ అధ్యాయంలో, యుద్ధానికి బయలుదేరేముందు అధికారులు జనులను అడగవలసిన ప్రశ్నలున్నాయి. కొత్త ఇల్లు కట్టినవాడు ఉన్నాడా? ద్రాక్షతోట వేసి ఇంకా పండు తిననివాడు ఉన్నాడా? ప్రధానం జరిగి పెండ్లి కానివాడు ఉన్నాడా? సైనికుని ఇల్లు, తోట, సంసారం అతనిని పంపేవారి బాధ్యత కూడా అని మేము దీన్ని చదువుకుంటున్నాం.

హర్యానా ప్రభుత్వం 2024లో కానిస్టేబుల్, ఫారెస్టు గార్డు, జైలు వార్డర్ ఉద్యోగాల్లో అగ్నివీరులకు 10 శాతం ప్రకటించింది. అడవిని ఆనుకొని ఉన్న మన ప్రాంతానికి ఫారెస్టు గార్డు పని సరిగ్గా సరిపోతుంది. ఓట్లకోసం వచ్చే నాయకులను ఈ సంగతి అడగాలి.

సంఘాల చేతిలో ఉన్నదీ తక్కువేమీ కాదు. మనకు పాఠశాలలున్నాయి, ఆసుపత్రులున్నాయి, విశ్వాసుల్లో మిల్లులు, దుకాణాలు నడిపేవారున్నారు. సైన్యం నుండి వచ్చినవాడంటే వాచ్‌మన్ అనే అనుకుంటాం. బండ్లు నడపడం, మరమ్మతు చేయడం, వైర్‌లెస్, స్టోర్ లెక్కలు నేర్చుకొని వచ్చినవారికి తగిన పని ఇవ్వవచ్చు. సేవానిధి సంగతి తెలియగానే చేబదుళ్ళు అడిగే చుట్టాలకు, చిట్టీలవాళ్లకు కొదువ ఉండదు గనుక, ఆ డబ్బు గురించి పెద్దలు ముందే ఆ కుటుంబాలతో కూర్చొని మాట్లాడటం మేలు. సంఘకాపరులు తమ సంఘంనుండి వెళ్ళిన అగ్నివీరుల పేర్లు, వారు తిరిగివచ్చే నెల రాసి పెట్టుకోవాలని కోరుతున్నాం. తొలి దళాలవారిలో కొందరు ఈ క్రిస్మస్ నాటికే మన మధ్య ఉండవచ్చు.