నాట్యమాడిన కన్య, నటించిన కన్య

స్త్రీలకు వోటుహక్కును, దేశమునకు మద్యనిషేధమును 1920లో ఒక్కయేటనే సంక్రమించిన అమెరికాలో, కురులు కత్తిరించుకొని, పొట్టి గౌనులు తొడిగి, సిగరెట్టు ముట్టించి, జాజ్ సంగీతమునకు అడుగులు కదపిన ‘ఫ్లాపర్’ యువతిని మూకీ చిత్రములు వెంటనే చేరదీసినవి. ఆ యేడే ఆలివ్ థామస్ నటించిన ‘ది ఫ్లాపర్’ వెలువడెను. 1923 నాటి కొలీన్ మూర్ చిత్రము ‘ఫ్లేమింగ్ యూత్’లో నేడొక తునక మాత్రమే మిగిలియున్నది. ఇట్టి చిత్రములు స్వైరవిహారమును బోధించినవని వాపోయిన పెద్దలు, వానిలో శీలమును ఎవరియందు నిలిపిరో పరికింపలేదని మా తలంపు.

1928లో హారీ బోమాంట్ దర్శకత్వమున వచ్చిన ‘అవర్ డాన్సింగ్ డాటర్స్’నే చూడుడు. విందులో పైవస్త్రము విడిచి నర్తించు డయానా, అనగా జోన్ క్రాఫోర్డ్, మనసున ఉన్నదానిని దాచనేరని ఋజువర్తనురాలు. తల్లి నేర్పిన పాఠము చొప్పున కనులు వాల్చి, సంసారపక్షపు పిల్లవలె మెలగు ఆన్, ధనికుని మెడలో తన్ను కట్టుకొనజూచు మాయలాడి. వరుడు మాత్రము బాహ్యవేషమునే చూచి మాయలాడినే వరించును. ఆ కపటము నాయకునకు కానరాక, ప్రేక్షకునకు మాత్రము తేటతెల్లము కావలెను. నోట మాటలేని చిత్రమున అనీటా పేజ్ ఈ కార్యమును చూపుతో, నడకతో సాధించిన తీరు ప్రశంసార్హము.

అయినను ఇందు సత్యమునకు మిక్కిలి సన్నిహితమైనది మూడవ కన్య బియట్రిస్ కథ. తన గతమును దాచక చెప్పినదానిని పెండ్లాడిన భర్త, పెండ్లియైన పిమ్మట ఆ గతమునే తలంచుకొని అసూయతో కుములును. క్షమించితినని చెప్పుట ఎంత సులువో, మరచుట ఎంత కష్టమో ఇచట ఉపన్యాసము లేకయే తెలియుచున్నది. కథకురాలు జోసెఫీన్ లవెట్ ప్రతిభ ఇచటనే గలదు.

ముగింపు విషయమున మాత్రము మాకు తృప్తి లేదు. తాగిన మైకమున ఆన్, నేల తుడుచు కూలి స్త్రీలను ఎగతాళి చేసి, మెట్లపైనుండి పడి మరణించును. విడాకులు విప్పవలసిన ముడిని మెట్లు విప్పినవి! ఆ కూలి స్త్రీల ముఖములు ఒక్క క్షణము కనబడి మరుగగును. దుకాణమున అమ్మకపు పని చేసి బ్రతుకు పిల్లను కథానాయికగా నిలిపిన క్లారా బో చిత్రము ‘ఇట్’ (1927) ఈ విషయమున మేలు.

మన ఫిల్ము సొసైటీలు ఈ రెండు చిత్రములను తెప్పించి ప్రదర్శింపవలెనని మా కోరిక. చూడబోవు పాఠకులు డయానా నాట్యముకంటె బియట్రిస్ సంసారమునే శ్రద్ధగా గమనింపవలసినదని మనవి.