తెరమీద మన యూరేదీ?

మైపాడు తీరమున తెల్లవారుజామున వలలు లాగువారిని ప్రతిదినము చూచు ఇందుకూరుపేట పౌరుడు, సాయంకాలము సినిమాశాలలో కూర్చుండినప్పుడు తన యూరిని కానడు. ఒంటిచేత నూర్గురను గూల్చు వీరులను మాత్రము కాంచును. ఉప్పుగాలికి కమిలిన మనుష్యుడెచ్చట? రొయ్యల గుంటల గట్లపై రేయెల్ల కావలియుండు కూలి యెచ్చట?

ఈ ప్రశ్నకు మలయాళ సోదరులు 1965లోనే బదులు చెప్పిరి. తకళి శివశంకర పిళ్ళ నవల 'చెమ్మీన్'ను రాము కారియాట్ చిత్రముగా తీసెను. ఆ మాటకు రొయ్య యని యర్థము. కథ కడలి బిడ్డలది. రాష్ట్రపతి స్వర్ణపతకము నందిన మొదటి దక్షిణదేశ చిత్రమదియే. ఆ సంవత్సరమే అదూర్ గోపాలకృష్ణన్ ప్రభృతులు తిరువనంతపురమున చిత్రలేఖ ఫిలిం సొసైటీని స్థాపించిరి. గ్రంథాలయమున నవల చదివిన జనమే సినిమాశాలలో న్యాయాధిపతులైరి. వారి చిత్రకళకు వేళ్లచ్చట నున్నవి.

మనకట్టి నేల లేదా? 1938లో గూడవల్లి రామబ్రహ్మము 'మాలపిల్ల'తో అస్పృశ్యతపై పోరెను. మరుసటి యేడు 'రైతుబిడ్డ'తో జమీందారుల యాగ్రహమునకు గురియయ్యెను. మన నెల్లూరివాడగు తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి తీసిన 'సంస్కార' 1970వ సంవత్సరపు జాతీయ ఉత్తమచిత్రమాయెను. కాని అది కన్నడము! తెలుగులో 'ఒక ఊరి కథ' తీయుటకు 1977లో వంగదేశమునుండి మృణాల్ సేన్ రావలసివచ్చెను. మన దీపము పొరుగింట వెలుగుట, మన యింట పొరుగువాడు దీపము పెట్టుట — రెండును సంతోషమే. మన చేతులేమి చేయుచున్నవి?

నిర్మాతల వాదము మేమెరుగుదుము: 'జనము చూడరు, పెట్టుబడి మునుగును.' ఈ వాదము సాక్ష్యమునకు నిలువదు. 2018లో 'కేరాఫ్ కంచరపాలెం' ఆ విశాఖ పేటలోని మనుష్యులనే పాత్రధారులుగా నిలిపెను. జనము చూచిరి, మెచ్చిరి. వడ్డింపకయే రుచి యెరుగరనుట యే న్యాయము?

'ఆర్.ఆర్.ఆర్.' పాటకు 2023లో ఆస్కారు వచ్చుట మాకును హర్షమే. వైభవమును మేము ద్వేషింపము. కాని పండుగనాటి పిండివంటతో ఏడాదియెల్ల బ్రదుకువారు కలరా? 1992లో ఈ జిల్లాలోని దూబగుంట స్త్రీలు సారాపై తిరుగబడిరి. 1993లో రాష్ట్రమెల్ల సారా నిషేధింపబడెను. కత్తి లేని ఆ వీరత్వము తెరకు చాలదా?

పఠనమందిర సోదరులారా! నేరమంతయు నిర్మాతపై మోపి మనము తప్పించుకొనలేము. పనికిమాలిన చిత్రమునకు తొలినాడే పరుగిడి టిక్కెట్టు కొనువారము మనమే. నెలకొక మంచి చిత్రమును కూడి చూడుడు, దాని మూలకథను చదువుడు, నిర్భయముగా తర్కింపుడు. మీ పేట వ్రాతగాడు మీ యూరి కథ వ్రాసిన ముందు మీరు కొనుడు. అడుగువారున్న నాడే మైపాటి వల తెరమీదికి వచ్చును.