గోలు కాచేవాడు



మా సంగం మీదుగా ప్రయాణం చేసినవారికి పెన్న మీది ఆనకట్ట తెలిసే ఉంటుంది. తెల్లదొరల కాలంలో కట్టిన పాత ఆనకట్ట ఒకటి, 2022లో ప్రారంభమైన కొత్త బ్యారేజి ఒకటి. ఇక్కడి కాలువల మీద పనిచేసే లస్కర్లను మేము ఎంతోకాలంగా చూస్తున్నాం. తూము తలుపు ఎప్పుడు ఎత్తాలి, ఎంత ఎత్తాలి, ఎప్పుడు దించాలి అన్నది వారి పని. పొలానికి నీళ్ళు సక్రమంగా అందిన ఏడు లస్కరు పేరు ఎవరూ తలచుకోరు. ఒక్క రాత్రి కాలువకు గండి పడిందంటే మాత్రం, "లస్కరు ఏం చేస్తా ఉన్నాడు?" అని ఊరంతా అడుగుతుంది.

ఆటలలో కూడా ఇలాంటి లస్కరు ఒకడున్నాడు. అతడే ఫుట్‌బాల్‌లో గోల్ కీపర్. కుటుంబాల కోసం రాసే ఈ పేజీలో అతని సంగతి ఎందుకని మీరు అడగవచ్చు. కారణం ఉంది.

ఆ మధ్య ఒక తండ్రి మా దగ్గరకు వచ్చాడు. కొడుకు దూరాన ఒక హాస్టల్లో ఉండి చదువుకుంటున్నాడు. "అయ్యగారూ, మావోణ్ణి ఫుట్‌బాల్ టీములో తీసుకున్నారంట. తీసుకొని గోలు కాడ నిలబెట్టినారు. పరిగెత్తలేనోళ్ళనే గదా ఆడ నిలబెట్టేది? మొన్న ఒక గోలు వదిలేసినాడని పిల్లకాయలంతా తిట్టినారంట. మూడు దినాలు అన్నం సరిగా తినలేదు. ఆట మానెయ్యరా అని చెప్పినా" అన్నాడు. ఆ తండ్రితో మేము మాట్లాడిన మాటలే ఇక్కడ కొంచెం వివరంగా రాస్తున్నాం. ఇలాంటి పిల్లలు మీ ఇళ్ళల్లోనూ ఉండవచ్చు.

ముందు ఆ పని ఎటువంటిదో చూద్దాం. గోలు అంటే రెండు స్తంభాల మధ్య 24 అడుగుల వెడల్పు, అడ్డకర్ర దాకా 8 అడుగుల ఎత్తు. పల్లెలో ఒక మోస్తరు ఇంటి ముందుగోడ అంత ఉంటుంది. దాన్ని ఒక్క మనిషి కాయాలి. పదకొండుమందిలో చేతులతో బంతి పట్టుకునే హక్కు అతనొక్కడికే ఉంది. అదికూడా తన ముందు గీసిన గీతల లోపలే. చొక్కా రంగు సైతం తనవాళ్ళ పదిమందికీ వేరుగా ఉంటుంది. పెనాల్టీ వచ్చిందంటే ఎదుటివాడు 36 అడుగుల దూరాన బంతి పెట్టి తంతాడు. అర సెకను లోపల అది వచ్చి మీద పడుతుంది. బంతి ఎటు పోతుందో చూసి దూకుదామంటే ఆలస్యమైపోతుంది. కాబట్టి తన్నేవాని నడుము, కాలు, చూపు కనిపెట్టి ముందుగానే ఒక పక్కకు తేల్చుకోవాలి.

ఎదుటి జట్టువాడు బంతితో ఒంటరిగా దూసుకువచ్చినప్పుడు కీపర్ గీత మీదనే నిలబడిపోతే, వాడికి రెండు పక్కలా బోలెడంత ఖాళీ కనబడుతుంది. నాలుగడుగులు ముందుకు వస్తే ఆ ఖాళీ తగ్గిపోతుంది. దీపానికి దగ్గరగా అరచెయ్యి పెడితే ఆ నీడ గోడనంతా కప్పుతుంది గదా, అలాగన్నమాట. కాని ముందుకు రావడమంటే పరిగెత్తే మనిషి కాళ్ళ కింద పడడమే. ఇది చేతగానివాడు చేసే పని కాదని దీన్నిబట్టి గ్రహించవచ్చు.

మన తెలుగు నేలమీద పుట్టిన ఒక గొప్ప కీపర్ సంగతి చెబుతాం. పీటర్ తంగరాజ్ గారు 1935లో హైదరాబాదులో పుట్టారు. ఆరడుగులకు పైచిలుకు మనిషి. కుర్రతనంలో సికింద్రాబాదు క్లబ్బులలో ఆడి, తరువాత సైన్యంలో చేరి మద్రాస్ రెజిమెంటల్ సెంటర్ జట్టుకు ఆడారు. విచిత్రమేమంటే మొదట ఆయన గోల్ కీపర్ కాడు, సెంటర్ ఫార్వర్డ్. అంటే ముందుండి గోల్సు కొట్టేవాడు, చప్పట్లు అందుకునేవాడు. అక్కడనుంచి వెనక్కు వచ్చి, నిందలు అందుకునే చోట నిలబడ్డారు. ఆ జట్టు 1955లోను, 1958లోను డ్యూరాండ్ కప్పు గెలిచింది. 1958లో ఆయన ఆసియా ఖండంలో ఉత్తమ గోల్ కీపర్‌గా పేరు పొందారు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌కు, 1960 రోమ్ ఒలింపిక్స్‌కు వెళ్ళిన భారత జట్లలో ఉన్నారు. సైన్యం తరువాత కలకత్తా చేరి అక్కడి మూడు పెద్ద క్లబ్బులకూ, అంటే మహమ్మడన్ స్పోర్టింగ్‌కు, మోహన్ బగాన్‌కు, ఈస్ట్ బెంగాల్‌కు గోలు కాచారు. ఒకదానికొకటి బద్ధ విరోధులైన క్లబ్బులవి. నిన్నటిదాకా కేకలు వేసి ఎగతాళి చేసినవాళ్ళే నేడు తన జట్టు అభిమానులు. ఆయన మాత్రం ఏ చొక్కా తొడిగినా ఆ రెండు స్తంభాల మధ్యనే నిలబడ్డారు. 1967లో ప్రభుత్వం అర్జున అవార్డు ఇచ్చింది.

1962లో జకార్తాలో జరిగిన ఆసియా క్రీడలు చాలామందికి తెలిసినవే. కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం గారు కూడా హైదరాబాదువారే. అప్పటికే ఆయన కేన్సర్ వ్యాధితో ఉన్నారు. మన జట్టు మొదటి ఆటలోనే దక్షిణ కొరియా చేతిలో 2-0తో ఓడిపోయి, ఆ తరువాత పుంజుకొని ఫైనల్ చేరింది. సెప్టెంబరు 4న మళ్ళీ అదే కొరియాతో ఫైనల్. మైదానం నిండా మనవాళ్ళకు వ్యతిరేకంగా అరిచే జనం. ఆ రోజు గోలు దగ్గర తంగరాజ్ గారు నిలిచారు. మన జట్టు 2-1తో గెలిచి బంగారు పతకం తెచ్చింది.

ఆ పోటీలలోనే అంతకుముందు కొన్ని ఆటలకు గోలు కాచినవాడు ప్రద్యుత్ బర్మన్ అనే బెంగాలీ ఆటగాడు. ఫైనల్ నాడు ఆయన పక్కన కూర్చోవలసి వచ్చింది. ముందు వరుసలో నలుగురైదుగురికి చోటుంటుంది గాని గోలు దగ్గర ఉన్నది ఒక్కటే చోటు. రెండోవాడు బెంచీ మీద కూర్చోవలసిందే. వారాలు, నెలలు, ఒక్కొక్కసారి ఏళ్ళు గడుస్తాయి. అయినా ప్రతి ఉదయం మొదటివానితో సమానంగా కసరత్తు చేయాలి, ఎందుకంటే ఏ క్షణాన పిలుపు వస్తుందో తెలియదు. జకార్తా పేరు చెబితే ఫైనల్ గుర్తుకు వస్తుంది. ఆ ఫైనల్ దాకా దారి వేసినవారిని కూడా లెక్కలో చేర్చుకోవడం న్యాయం.

ఇంతకంటె బాధాకరమైన కథ బ్రెజిల్‌ది. 1950 జూలై 16న రియోలోని మరకానా మైదానంలో ప్రపంచ కప్పు చివరి ఆట. ఉరుగ్వేతో సమానంగా నిలిచినా చాలు, కప్పు బ్రెజిల్‌దే. స్కోరు 1-1 దగ్గర ఉండగా 79వ నిమిషంలో ఉరుగ్వే ఆటగాడు గిగ్గియా కుడిపక్కనుంచి వచ్చాడు. బంతిని మధ్యలోకి పంపుతాడని కీపర్ బార్బోసా ఒక అడుగు అటు వేశాడు. గిగ్గియా దగ్గరి స్తంభం పక్కనుంచి నేరుగా కొట్టాడు. బ్రెజిల్ ఓడిపోయింది. బార్బోసా ఆ కాలపు మంచి కీపర్లలో ఒకడు. ఎన్నో ఏళ్ళు ఎన్నో బంతులు ఆపాడు. దేశం మాత్రం ఆ ఒక్క బంతినే గుర్తు పెట్టుకుంది. ముసలితనంలో జాతీయ జట్టును చూడబోతే, దురదృష్టం అంటుకుంటుందని లోపలికి రానివ్వలేదని చెబుతారు. 2000లో ఆయన చనిపోయేదాకా ఆ నింద దిగలేదు. పదకొండుమంది ఆడిన ఆటకు ఒక్కడు యాభై ఏళ్ళు జవాబు చెప్పుకున్నాడు.

వీరందరూ పేరున్నవాళ్ళు. పేరు పెద్దగా రాని కీపర్ల బ్రతుకు ఇంకొక తీరు. ఇంగ్లండులో లీగు ఫుట్‌బాల్ నాలుగు మెట్లుగా ఉంటుంది, మొత్తం 92 క్లబ్బులు. కింది మెట్ల కీపర్లు మన తాపీమేస్త్రీల వంటివాళ్ళు. ఎక్కడ పని దొరికితే అక్కడికి సంచి భుజాన వేసుకొని పోవాలి. ఒక క్లబ్బులో కీపర్‌కు చెయ్యి విరిగితే ఇంకొక ఊరినుంచి ఒకణ్ణి నెలకో రెండు నెలలకో పిలిపించుకుంటారు. చెయ్యి బాగుపడగానే ఇతడు మళ్ళీ పెట్టె సర్దుకోవాలి.

ఇలా తిరిగినవారిలో జాన్ బరిడ్జ్ అనే ఆయన్ని చెప్పుకోవాలి. 1951లో పుట్టాడు. నాలుగో డివిజన్‌లో ఉన్న వర్కింగ్‌టన్ అనే చిన్న ఊరి జట్టుతో మొదలుపెట్టి, సుమారు ముప్పై ఏళ్ళలో ముప్పైకి దగ్గరగా క్లబ్బులు మారాడు. ఏడు వందలకు పైగా లీగు ఆటలు ఆడాడు. పెద్ద డివిజన్లు చూశాడు, పిల్ల డివిజన్లు చూశాడు. 1995లో మాంచెస్టర్ సిటీ జట్టుకు ఆడేనాటికి ఆయన వయస్సు 43. ప్రీమియర్ లీగ్‌లో అంత వయస్సున అప్పటిదాకా ఎవరూ ఆడలేదు. ఇంట్లో కూర్చున్నప్పుడు కూడా భార్య చేత అనుకోకుండా పండ్లు విసిరించుకొని పట్టుకుంటూ ఉండేవాడట. ఆ ఇల్లాలి ఓర్పును కూడా ఇక్కడ మెచ్చుకోవాలి. ఇన్నిసార్లు ఊరు మార్చి సంసారం ఈదడం మాటలు కాదు.

ఆట ఆగిపోయిన తరువాత బరిడ్జ్‌కు గొప్ప కష్టం వచ్చింది. పొద్దున లేస్తే వెళ్ళవలసిన మైదానం లేదు. తీవ్రమైన మానసిక కుంగుబాటుతో ఆసుపత్రిలో చేరి చికిత్స పొందవలసి వచ్చింది. ఈ సంగతి ఆయనే తన ఆత్మకథలో దాచకుండా రాసుకున్నాడు. మనసుకు జబ్బు చేస్తే వైద్యం చేయించుకోవడంలో సిగ్గు లేదని చెప్పడానికి ఇంతకంటె వేరే ఉదాహరణ అక్కరలేదు.

ఆ తరువాత ఆయన ఒమన్ దేశం వెళ్ళి గోల్ కీపర్లకు శిక్షణ ఇచ్చాడు. మస్కట్ అంటే మన జిల్లా కుటుంబాలకు కొత్త కాదు. అక్కడ విమానాశ్రయంలో అగ్నిమాపక ఉద్యోగం చేస్తున్న అలీ అల్ హబ్సీ అనే కుర్రవానిలో శక్తి ఉందని కనిపెట్టి, కూర్చోబెట్టి పని నేర్పాడు. ఆ కుర్రవాడు 2003లో నార్వే వెళ్ళాడు. 2006లో ఇంగ్లండులో బోల్టన్ జట్టులో చేరి, ఒమన్ దేశంనుంచి ప్రీమియర్ లీగ్‌లో ఆడిన మొదటివాడయ్యాడు. ముప్పై ఊళ్ళు తిరిగినవాని అనుభవం ముప్పై ఒకటో ఊళ్ళో ఒకరికి అన్నం పెట్టింది.

ప్రియులారా, ఈ కథలన్నిటిలో మాకు కనిపించేది ఒక్కటే. కీపర్ లెక్క రాయడంలో లోకం పొరపాటు చేస్తున్నది. వదిలిన బంతులు స్కోరు బోర్డు మీద పెద్ద అంకెలతో ఉంటాయి. ఆపిన బంతులు ఆ బోర్డు మీద ఎక్కడా ఉండవు. మన ఇళ్ళల్లో జరిగేది కూడా అదే గదా! నెలకు తొంభై పూటలు రుచిగా వండిన ఇల్లాలికి, ఉప్పు ఎక్కువైన ఒక్క పూటే ఎత్తి చూపుతాం. ఇరవై ఏళ్ళు అప్పు లేకుండా సంసారం నెట్టుకొచ్చిన తండ్రిని, పంట పోయిన ఒక్క ఏడాదిని బట్టి అసమర్థుడంటాం. పది తరగతులు పాసైన పిల్లవాడు ఇంటర్‌లో ఒక్క సబ్జెక్టు తప్పితే చుట్టాలందరికీ తెలిసిపోతుంది. ఫలితాలు వచ్చిన రోజులలో మన రాష్ట్రంలో ఎంతమంది పిల్లలు ప్రాణాలు తీసుకున్నారో మనం పత్రికలలో చదివాం. వారు ఒక్క గోలు వదిలినవాళ్ళే. అంతకుముందు ఎన్ని ఆపారో చెప్పేవారు ఆ సమయంలో వారి పక్కన లేకపోయారు.

గోలు పడినప్పుడు కీపర్ చేయవలసిన పని ఒకటుంది. వలలో పడిన బంతిని వంగి తీసి, మధ్య గీత వైపు పంపి, మళ్ళీ తన చోట నిలబడాలి. ఆట ఇంకా మిగిలే ఉంటుంది. ఆ వంగే క్షణంలో తనవాళ్ళు ఎవరైనా వచ్చి వీపు మీద చెయ్యి వేస్తే మిగతా ఆటంతా నిలబడగలుగుతాడు. తిట్టితే తరువాతి బంతికి చేతులు వణుకుతాయి. మంచి జట్లు ఈ సంగతి ఎరిగి నడుచుకుంటాయి.

కనుక తల్లులారా, తండ్రులారా, ఈ నెల ఒక పని చేయండి. రాత్రి భోజనాలప్పుడు ఇంట్లో ఒక్కొక్కరి గురించి ఒక్కొక్క రోజు మాట్లాడండి. ఆ మనిషి వల్ల ఈ ఇంటికి తప్పిపోయిన కష్టం ఏమిటో పిల్లలచేత చెప్పించండి. నాయనమ్మ పొయ్యి దగ్గర కాచుకొని కూర్చోబట్టి పసివాడికి కాలలేదని ఒకరు చెబుతారు. అన్న చదువు మాని పనికి పోబట్టి చెల్లెలి ఫీజు కట్టగలిగామని ఇంకొకరు చెబుతారు. ఇవన్నీ ఆపిన బంతులే. వాటి లెక్క ఇంట్లోవాళ్ళే రాయాలి, బయటివాళ్ళు రాయరు.

మీ పిల్లవాణ్ణి ఎవరైనా గోలు దగ్గర నిలబెడితే చిన్నతనంగా తలచవద్దు. వీలైతే ఒకసారి వెళ్ళి ఆట చూడండి. వాడు ఎన్ని వదిలాడో అందరూ చెబుతారు. మీరు మాత్రం ఎన్ని ఆపాడో లెక్కపెట్టుకొని వచ్చి, ఆ అంకె వాడితో చెప్పండి.