పాట ఆపాల్సిన చోటు

మాది విజయనగరం. 1919 నుంచీ సంగీత కళాశాల ఉన్న ఊరు. అలాంటి ఊరివాణ్ణి, ఇంజనీరింగ్‌లో చేరి రాక్ బ్యాండ్ పెట్టాను. నాలుగేళ్లలో పదకొండు పాటలు కట్టాను. ఆ తర్వాత గిటార్ అటక ఎక్కింది, నేను కోడ్ రాసుకుంటున్నాను.

మొన్నామధ్య మా బ్యాండ్‌లో డ్రమ్స్ కొట్టినవాడు ఫోన్ చేశాడు. సొంత డబ్బుతో ఇరవై నిమిషాల సినిమా తీశాడట. మిల్లు మూతబడ్డ జూట్ కార్మికుడి కథ. చిన్న సినిమాకి ఆర్కెస్ట్రా పెట్టుకునే స్తోమత ఎక్కడిది? గిటార్ వాయించి, లాప్‌టాప్‌లో మిక్సింగ్ కూడా చేసుకునే నాలాంటివాడే దిక్కు. పైగా మా నాన్న కూడా జూట్ మిల్లు కార్మికుడే. మూడు రాత్రులు కూర్చుని, ఉన్న కోపమంతా గిటార్‌లో పోసి పంపాను.

"బావుంది గానీ, సీన్‌లో మనిషి కనబడట్లేదురా, నువ్వే కనబడుతున్నావ్" అన్నాడు. ఒళ్లు మండింది.

తర్వాత ఆలోచిస్తే వాడిదే రైటనిపించింది. 'డీజే టిల్లు' (2022) చూడండి. చౌరస్తా బ్యాండ్ నుంచి వచ్చిన రామ్ మిరియాల టైటిల్ పాట కట్టి, పాడి ఊరూవాడా ఊపేశాడు. నేపథ్య సంగీతం మాత్రం తమన్‌ది. రెండూ వేరువేరు పనులు. పాటలో నాలుగు నిమిషాలూ మనవే. సినిమాలో మాట వస్తే మనం తగ్గాలి, సీన్ తెగితే ఆగాలి.

ఆస్ట్రేలియా రాక్ గాయకుడు నిక్ కేవ్ స్టేజీ ఎక్కితే కేకలే. 2005లో 'ది ప్రపోజిషన్' సినిమాకి స్క్రిప్టు తనే రాసి, వారెన్ ఎలిస్‌తో కలిసి సంగీతం కూడా చేశాడు. అందులో చాలాచోట్ల ఆయన గొంతు గుసగుసే. తను రాసుకున్న కథ దగ్గరే ఆయన అంత తగ్గితే, నేనెంత?

ఆదివారం నాన్నకి హెడ్‌ఫోన్స్ పెట్టి ఆ సీన్ చూపించాను. మిల్లుకి తాళం పడ్డ రోజు కార్మికుడు ఇంటికొచ్చే సీన్. నా గిటార్ హోరెత్తిపోతోంది.

"ఇలాగ ఉండదురా బాబూ" అన్నాడు నాన్న. "మగ్గాల సప్పుడికి సెవులు దిబ్బళ్లేసీవి. మిల్లు మూసీసిన రోజు ఇంటికొచ్చి కూకుంటే ఏటీ ఇనపడనేదు. అదే బయమేసింది."

ఆ రాత్రి మళ్లీ కూర్చున్నాను. గిటార్ తీగల్ని అరచేత్తో అదిమి, మగ్గాల చప్పుడులా ఒకే దరువు వేశాను. అతను గుమ్మం దాటగానే ఆపేశాను. అక్కణ్ణించి నిమిషంన్నర ఏమీ లేదు. అంత ఖాళీ వదలడానికి నా చెయ్యి ఎంత వణికిందో!

టైటిల్స్‌లో సంగీతం దగ్గర నా పేరు వేస్తానన్నాడు ఫ్రెండు. పక్కన నాన్న పేరు కూడా వెయ్యమన్నాను.