పేటలో స్తంభం ఒరిగితే ఎవడిక్కావాలి?

కోనసీమ ఉప్పుగాలికి ఇనప స్తంభం మొదట్లోనే తుప్పు తింటుంది. సిమెంటుదైతే పెచ్చులూడి చువ్వలు బయటపడతాయి. ఊళ్లో అయితే ఒక్క ఫోను చాలు. పేటలో అయితే కొబ్బరితాడు కట్టి, 'బడ్జెట్ రావాలి' అంటారు.

తీసేటప్పుడు ఇంకో గండం. లైన్ క్లియర్ తీసుకోవాలి. కరెంటు లేదని పరీక్షించి తీగలకు ఎర్తింగ్ చేయాలి. స్తంభాన్ని తాళ్లతో అన్నివైపులా బిగించాకే తీగలు కోయాలి. లేదంటే ఒకపక్క తీగ తెగగానే రెండోపక్క లాగుడికి స్తంభం మనిషితో సహా కూలుతుంది. అసలు పుచ్చిన స్తంభం ఎక్కకూడదు, క్రేను రావాలి.

క్రేను రాదు. రోజుకూలీ కుర్రాడొస్తాడు. ఎవరా కుర్రాడు? మన పేటవాడే! నడుముకు బెల్టుండదు, చేతికి గ్లౌజులుండవు, రిజిస్టర్లో పేరుండదు.

పోతే 'తలరాత' అంటారు. తలరాత కాదు. కరెంటు తీగ తగిలి మనిషి చస్తే, తమ నిర్లక్ష్యం లేదన్నా సరే, సరఫరా సంస్థ పరిహారం కట్టాల్సిందేనని మధ్యప్రదేశ్ విద్యుత్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు 2002లోనే తేల్చింది.

అందుకే దయ అడగొద్దు. ఒరిగిన ప్రతి స్తంభం నంబరూ రాయండి. 1912కి ఫోన్ చేయండి, ఈపీడీసీఎల్ సెక్షన్ ఆఫీసులో అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. రేపు 'మాకు తెలియదు' అనకుండా నోరు మూయించేది ఆ కాగితమే.

జై భీమ్.