పెరటిలో గడియారం, పువ్వులో నాదం

కాలాన్ని గుర్తెరిగి, నాదానికి స్పందించే మాయాతోటలు కథలకే పరిమితమని భావిస్తాము. భిలాయి టౌన్‌షిప్ క్వార్టర్ల పెరళ్ళలో అటువంటి తోటను నిత్యమూ చూడవచ్చును.

ఎండ ఎక్కగానే నాచుపూలు విచ్చుకొంటాయి. జనరల్ షిఫ్టు ముగించి ఇల్లు చేరే వేళకు చంద్రకాంతలు వికసిస్తాయి. ఇది కేవలం వెలుతురు ప్రభావం కాదు. 1729లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు ద మైరాన్ అత్తిపత్తి వంటి మొక్కను చీకటిలో ఉంచాడు. అయినప్పటికీ దాని ఆకులు పగలు విప్పారి, రాత్రి ముడుచుకొన్నాయి. గడియారం మొక్కలోనే ఉన్నదన్నమాట! పూలు విచ్చే వేళలనుబట్టి పొద్దు తెలుసుకొనే పూలగడియారాన్ని 1751లో లిన్నేయస్ ప్రతిపాదించాడు.

ఇక నాదం సంగతి. వంగపువ్వులో పుప్పొడి తిత్తుల కొనలయందు సన్నని రంధ్రాలు మాత్రమే ఉంటాయి. తుమ్మెద పువ్వును పట్టుకొని ఝుమ్మని కంపించినప్పుడు పుప్పొడి జలజల రాలుతుంది. బంకరులో చిక్కుపడిన ముడిపదార్థాన్ని వైబ్రేటరుతో మనం రాల్చే పద్ధతీ ఇదే. తేనెటీగకు ఈ విద్య తెలియదు.

కావున పాఠకులకు విన్నపం: ఉదయం వేళ వంగపూతపై పురుగుమందు చల్లకండి. తప్పనిసరియైతే పొద్దుగూకిన పిమ్మట చల్లండి. తుమ్మెదలు రాని పెరటిలో పూత నిండుగా ఉన్నా కాపు తగ్గుతుంది.