ముల్లు చెప్పిన మాట

మా విడీ ఘర్కుల్‌లో, మా వెనుక సందున ఒక కుర్రవాడున్నాడు. పగలు పవర్‌లూమ్ కార్ఖానాలో మోటార్లు బాగుచేస్తాడు. పొద్దుగూకితే వాకిట్లోని పాత కారు కిందికి దూరుతాడు. కార్బురేటరు కాలపు బండి అది. తల్లి విడీలు చుట్టి కూడబెట్టినది కొంత, తన జీతంలోనిది కొంత కలిపి కొన్నాడు. తల్లిని అప్పుడప్పుడు తుల్జాపూరు భవానీ దర్శనానికి తీసుకొనిపోవడం, ఇరుగుపొరుగున ఎవరికైనా అవసరమైతే ఆసుపత్రికి చేర్చడం ఆ బండికున్న ఉద్యోగం.

ఆమధ్య వాడు ఆ బండికి గాలి, పెట్రోలు పాళ్లు చూపే గేజి ఒకటి తెచ్చి బిగించినాడు. నాలుగు రోజులు తిరగకముందే మా ఇంటికి వచ్చి, “మామా, ముల్లు పదహారున్నర కాడ నిలుస్తున్నది. ఇంజనుకు పెట్రోలు సాలుతలేదు” అన్నాడు. చాలకపోతే పోయవలసినదే కదా! ఐడిల్ స్క్రూ విప్పినాడు. మెయిన్ జెట్టు తీసి పెద్దది వేసినాడు. ముల్లు కొంచెము దిగినట్లే దిగి మరల ఎక్కింది. ఇంకా పెద్ద జెట్టు వేసినాడు. లీటరుకు 16 కిలోమీటర్లు పోయే బండి 11కు వచ్చింది. ముల్లు మాత్రం, “పెట్రోలు తక్కువ, పెట్రోలు తక్కువ” అని ఒకటే పాట.

చివరకు ఎవరో మిస్త్రీ చూచి ఇంజను మొత్తం విప్పవలెనన్నాడట. దానికి కావలసిన డబ్బు ఆ ఇంట్లో ఒక్కచోటనే ఉన్నది. అది తల్లి కంటి శుక్లాల ఆపరేషనుకని దాచినది. “నా కన్ను ఇంకో ఆరునెలలు ఆగుతది, బండి పనిజేయించు” అని ఆమె అన్నదట. ఆ మాట మాకు నిద్రపట్టనీయలేదు. మరునాడు ఆదివారము. మేమూ ఆ బండి దగ్గర కూర్చున్నాము.

ముందుగా ఆ గేజి ఏమి చూస్తున్నదో తెలియవలె. ఒక గ్రాము పెట్రోలు పూర్తిగా మండడానికి సుమారు 14.7 గ్రాముల గాలి కావలె. ముల్లు అంతకంటె పైకి పోతే గాలి ఎక్కువ, పెట్రోలు తక్కువ అని అర్థము. కాని పొగగొట్టంలో కూర్చున్న సెన్సరు పెట్రోలును చూడనే చూడదు. మండిపోగా మిగిలిన ప్రాణవాయువును మాత్రమే చూస్తుంది. మిగులు కనబడితే పెట్రోలు తగ్గినదని గేజి లెక్క కడుతుంది. 1976లో బాష్ వారి సెన్సరు స్వీడను దేశపు వోల్వో కార్లలో మొదట వచ్చిన నాటినుండి కిటుకు ఇదే.

అందుచేత సెన్సరుకు ముందు పొగగొట్టంలో చిన్న సందు ఉన్నదంటే చాలు, లెక్క తప్పుతుంది. సందులోనుండి పొగ బయటికి రావలెగాని గాలి లోపలికెట్లా పోతుందని అడుగవచ్చును. పొగ కుళాయి నీళ్లవలె ధారగా పోదు, దెబ్బదెబ్బగా పోతుంది. ఒక దెబ్బకూ మరొక దెబ్బకూ నడుమ గొట్టంలో ఒత్తిడి బయటి గాలికంటె తగ్గుతుంది. ఆ క్షణాన సందు గాలిని పీల్చుకొంటుంది. ఆ గాలి ఇంజనులోనికి పోయినది కాదు, మంటను చూచినది కాదు. సెన్సరు మాత్రం దానినీ లెక్కలో వేసుకొంటుంది.

ఒక ప్లగ్గు సరిగా మండకపోయినా ఇంతే. ఆ సిలిండరులోని ప్రాణవాయువు వాడుక కాకుండా గొట్టంలోనికి వస్తుంది. సెన్సరును సైలెన్సరు కొనకు మరీ దగ్గరగా బిగించినా ఇంతే. ఇంజను మెల్లగా తిరిగేటప్పుడు బయటి గాలి వెనుకకు వచ్చి తగులుతుంది.

మేము నాలుగు పరీక్షలు వరుసగా చేయించినాము. మొదటిది ప్లగ్గులు. పెట్రోలు తక్కువైన ఇంజను ప్లగ్గు తెల్లబారి ఉంటుంది. ఇవి కాటుక పూసినట్లున్నవి. రెండవది చోకు. నిజముగా పెట్రోలు చాలని ఇంజనుకు చోకు కొంచెము లాగితే ప్రాణము లేచివచ్చినట్లు తిరుగుతుంది. ఇది తడబడి నల్లపొగ కక్కింది. మూడవది వేగము. ఊరకే తిరిగేటప్పుడు పదహారున్నర చూపిన ముల్లు, ఇంజను వేగము పెంచేసరికి పదమూడుకు దిగింది. పొగ ప్రవాహము పెరిగినకొద్దీ సందులో పీల్చుకొనే గాలి పాలు తగ్గుతుంది కనుక, ఇది సందును పట్టి ఇచ్చే గుర్తు.

నాలుగవది చల్లని ఇంజను మీద సబ్బునీళ్లు. ఇంజను ఆరిన తరువాత మానిఫోల్డు అతుకు పొడుగునా సబ్బునీళ్లు పూసి, స్టార్టు చేసి చూచినాము. మూడవ సిలిండరు దగ్గర బుడగలు లేచినవి. చెవి ఒగ్గితే టిక్కు టిక్కుమని చప్పుడు. అక్కడ ప్యాకింగు కాలిపోయి ఉన్నది, ఒక బోల్టు విరిగి ఉన్నది, పక్కన నల్లని మసి చార ఉన్నది. ఇన్నాళ్లూ కంటి ఎదుటనే ఉన్న చార!

కుర్రవాడు నవ్వినాడు. తల్లి గుమ్మంలో తంబాకు చాట ఒళ్లో పెట్టుకొని కూర్చున్నది. “అన్నా, ఒక్క మాట. ఈ నడుమ కారెక్కితే నాకు తల్కాయ నొస్తున్నది, కడుపుల తిప్పుతున్నది. తంబాకు వాసనకేమో అనుకొన్న” అన్నది. మాకు ఒళ్లు జల్లుమన్నది. విడీలు చుట్టే ఇంట తలనొప్పి కొత్త కాదు, అందుచేత ఎవరూ పట్టించుకోలేదు.

సంగతేమిటంటే, గాలి లోపలికి పోయే సందులోనుండే పొగ బయటికీ వస్తుంది. పెట్రోలు ఎక్కువై గాలి చాలకపోతే అది సగము మండి కార్బన్ మోనాక్సైడు పుడుతుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. మన నెత్తురు ప్రాణవాయువుకంటె 200 రెట్లకు పైగా ఆత్రముగా దానిని పట్టుకొంటుంది. ముల్లు మాట విని కుర్రవాడు పెట్రోలు పెంచినకొద్దీ ఆ విషము పెరిగింది; సందులోనుండి బానెట్ కిందికి, అక్కడనుండి తల్లి కూర్చునే చోటికి వచ్చింది. ఆమె తలనొప్పి దానివల్లనే అని రుజువు చేయడానికి మేము డాక్టరులము కాము. కాని ఆ రోజే బండి ఆపించినాము, ఆమెను డాక్టరుకు చూపించమన్నాము.

కొత్త ప్యాకింగు, బోల్టు, కూలి అన్నీ కలిపి కొన్ని వందలలో తేలిపోయింది. పాత జెట్టు తిరిగి వేసినాడు. ముల్లు 15 దాటి కొంచెము పైన నిలిచింది. ఇది అబద్ధము కాదు. మన దేశంలో పెట్రోలులో ఇథనాలు 2022లో 10 శాతానికి, 2025లో 20 శాతానికి చేరింది. ఇథనాలులో ప్రాణవాయువు ముందే కలిసి ఉన్నది కనుక, పాత కార్బురేటరు కొలత దానికి కొంచెము చాలదు. ఒక్క మెట్టు పెద్ద జెట్టుతో అదీ కుదిరింది. కుర్రవాని అనుమానములో వీసమెత్తు నిజము లేకపోలేదు. దానిమీద మణుగుల పెట్రోలు పోయడమే తప్పు.

మా ఇంట గేజి లేదు, మాకెందుకీ గొడవ అనే పాఠకులూ ఉంటారు. బి.ఎస్.4 మొదలు వచ్చిన పెట్రోలు కార్లకు పి.యు.సి. పరీక్షలో ఇంజనును వేగముగా తిప్పి ఈ పాళ్లనే లాంబ్డా అనే పేరుతో చూస్తారు. మామూలుగా అది 0.97కూ 1.03కూ నడుమ ఉండవలె. అది ఎక్కువ చూపితే ఇంజను మీదికి పోకముందు సైలెన్సరు తుప్పు, అతుకులు చూపించండి. మూసిన షెడ్డులో ఇంజను నడిపి మాత్రం ఏ పరీక్షా చేయకండి.

మా ఆఫీసులో చిట్టా కలవకపోతే క్యాషియరును అనుమానించే ముందు కూడికలు మరల చూస్తాము. ఆ బుద్ధి బండికీ వర్తిస్తుంది. ముల్లు తనకు కనబడినదే చెప్పింది. దానికేమి కనబడుతున్నదో ఆరా తీయడము మన పని.

కంటి డబ్బు పెట్టెలోనే ఉన్నది. ఆపరేషనుకు తేదీ కుదిరింది. ఆసుపత్రికి ఆ బండిలోనే పోతామని కుర్రవాడు అంటున్నాడు. సబ్బునీళ్లతో మరొకసారి అతుకు చూచిన తరువాతనే అని మేమన్నాము.